అమ్మాయికి పావురం, అబ్బాయికి పుంజు

పోయిన వేసవిలో మా అక్కవాళ్ళింట్లో ఒక పంచాయితీ జరిగింది. పంచాయితీ అంటే రచ్చబండా, రావిచెట్టూ కాదు. హాల్లో సోఫా, నాలుగు ప్లాస్టిక్ కుర్చీలు, మధ్యలో ఎవరూ ముట్టని జంతికల పళ్ళెం. మా మేనకోడలు పుట్టింటికొచ్చి మూడు నెలలైంది, ఇక వెళ్ళనంటోంది. పెద్దమనిషిగా మా బాబాయ్‌ని పిలిపించారు. అమ్మాయి చెప్పాల్సింది ఐదు నిమిషాల్లో చెప్పేసింది. తన జీతం పడే ఏటీఎం కార్డు అత్తగారి దగ్గరుంటుంది. భర్తతో మాటలు ఆగిపోయి ఏడాదిన్నర అయింది. ఎందుకని అడిగితే "నీకేం తక్కువైంది?" అంటాడు.

బాబాయ్ అంతా విని, గొంతు సవరించుకుని, కిటికీ వైపు చెయ్యి చూపించాడు. బయట ఏసీ పెట్టె మీద పావురాల జంట కూర్చుని ఉంది.

"చూడమ్మా వాటిని. నోరులేని జీవాలు. ఒకసారి జత కట్టాయంటే చచ్చేదాకా అదే జత. వాటికున్నపాటి బుద్ధి మనకి లేకపోతే ఎలా తల్లీ?"

అందరూ పావురాల వైపు చూశారు. నేనూ చూశాను. నాకు మాత్రం ఒక కోడిపుంజు గుర్తొచ్చింది.

నాలుగేళ్ళ కిందట మా బంధువుల్లోనే ఇంకో ఇంట్లో ఇలాంటి కూర్పే. భర్త వైజాగ్‌లో ఇంకొకామెతో ఉంటున్నాడని తెలిసి, ఆయన భార్య ఏడుస్తూ వచ్చింది. ఇదే బాబాయ్, ఇదే గొంతు సవరింపు. "మగపుటక అలాంటిదమ్మా. పుంజన్నాక ఒక్క పెట్ట దగ్గరే ఉంటుందా? పొద్దుగూకేసరికి గూటికి చేరుతోందా లేదా, అది చూసుకోవాలి." గదిలో ఉన్న మగవాళ్ళం నవ్వాం. నేనూ నవ్వాను. ఇంత పెద్ద వ్యాసం రాయడానికి కారణం నిజానికి ఆ నవ్వే. (ఇంటి సంగతులు కాబట్టి కొన్ని వివరాలు మార్చాను. బాబాయ్ మాటలు మార్చలేదు.)

ఒకే నోరు, రెండు పక్షులు. వదిలేస్తానన్న అమ్మాయికి పావురం, తిరిగొచ్చిన అబ్బాయికి పుంజు. ప్రకృతి ఏం చెబుతోందో చూసి, ఆ తర్వాత తీర్పు చెప్పినవాళ్ళని నేనింతవరకు చూడలేదు. తీర్పు ముందే వండి ఉంటుంది. వడ్డించడానికి తగిన జంతువుని తర్వాత వెతుక్కొస్తారు.

ముందు పుంజు సంగతి

మాది గోదావరి జిల్లా. పుంజు గురించి మా వాళ్ళకి ఒకరు చెప్పాల్సిన పనిలేదు. మా బాబాయ్ అయితే సంక్రాంతికి డేగ, కాకి రకం పందెం పుంజుల్ని పెంచి బరిలోకి దింపిన మనిషి. బాదంపప్పులూ కీమా పెట్టి, పొద్దున్నే చెరువులో ఈత కొట్టించి సాకేవాడు. తమాషా ఏమిటంటే, పందెం ముందు ఆ పుంజుని పెట్టల దరిదాపులకు కూడా రానిచ్చేవాడు కాదు. ఒంటికాలికి తాడు కట్టి, పెరటి అవతల ఒంటరిగా ఉంచేవాడు. మగజాతికంతటికీ స్వేచ్ఛాపత్రం రాసిచ్చిన ఆ పుంజు మా పెరట్లో బ్రహ్మచారిగా బతికింది.

సరే, తాడు లేని పుంజు సంగతే చూద్దాం. అది పెట్టల మధ్య తిరిగే మాట నిజమే. కానీ పెరట్లో కోళ్ళను చూసినవాళ్ళకి ఇంకో సంగతి కూడా తెలుసు. గింజ దొరికితే పుంజు గబుక్కున మింగదు. ముక్కుతో తీసి, కింద పడేసి, మళ్ళీ తీసి, కొక్ కొక్‌మంటూ పెట్టని పిలుస్తుంది. పెట్ట వచ్చి తినేదాకా ఆగుతుంది. (గింజ లేకుండానే పిలిచే పుంజులూ ఉన్నాయి. పెట్ట దగ్గరికొచ్చాక అక్కడ ఏమీ ఉండదు. దీని మీద కూడా శాస్త్రవేత్తలు పరిశోధనలు చేశారంటే నాకు కొంచెం నవ్వొచ్చింది, మా ఊళ్ళో చిన్నపిల్లలకి కూడా తెలిసిన మోసం కదా అని.)

మా ఊళ్ళో తెలియనిది ఒకటుంది. టొమాసో పిజ్జారీ, టిమ్ బర్క్‌హెడ్ అనే ఇద్దరు శాస్త్రవేత్తలు 2000లో ఒక సంగతి ప్రకటించారు. స్వేచ్ఛగా తిరిగే కోళ్ళ గుంపులో తనకు నచ్చని కింది స్థాయి పుంజు బలవంతంగా ఎక్కితే, పెట్ట తప్పించుకోలేకపోవచ్చు. కానీ ఆ తర్వాత వీర్యాన్ని ఒంట్లోంచి బయటికి నెట్టేస్తుంది. పైకి అంతా పుంజు రాజ్యంలాగే కనిపిస్తుంది. ఎవరి పిల్లని పొదగాలన్న మాట మాత్రం చాలా వరకు పెట్ట తన కడుపులోనే తేల్చుకుంటోంది. పుంజుని ఉదాహరణగా ఇచ్చిన ఏ పెద్దమనిషీ ఈ భాగం చెప్పగా నేను వినలేదు. తెలియక చెప్పలేదనుకుందాం. తెలిసినా చెప్పేవారు కాదేమో.

ఇక పావురం

పావురాల గురించి బాబాయ్ చెప్పింది పెద్ద అబద్ధమేమీ కాదు. అవి జత కడితే అంటిపెట్టుకునే ఉంటాయి. మా ఫ్లాట్ బాల్కనీలో మూడేళ్ళుగా వాటి రెట్టలు కడుగుతున్న అనుభవంతో చెబుతున్నాను. కానీ ఆ కాపురం ఎలా నడుస్తుందో కూడా చూడాలి కదా. గుడ్లు పొదగడానికి పద్దెనిమిది రోజులు పడుతుంది. రాత్రంతా, పొద్దుటి పూటా ఆడది కూర్చుంటుంది. పదీ పదకొండు దాటాక మగది వచ్చి దాన్ని లేపి తను కూర్చుంటుంది, సాయంత్రం దాకా కదలదు. పిల్లలు పుట్టాక మొదటి రోజుల్లో వాటికి పెట్టేది గింజలు కాదు, గొంతు సంచిలో ఊరే పాలలాంటి పదార్థం. అది తల్లికీ ఊరుతుంది, తండ్రికీ ఊరుతుంది.

పావురాన్ని చూసి నేర్చుకోమంటే నేర్చుకుందాం, అభ్యంతరం లేదు. కానీ ఆ పాఠం అల్లుడికీ చెప్పాలి. మా అక్క హాల్లో ఆ రోజు అల్లుడు లేడు. "అబ్బాయికి ఆఫీసు పనుంది" అన్నారు. అమ్మాయి మాత్రం తన ఆఫీసుకి సెలవు పెట్టి కూర్చుంది.

జంటపక్షుల మీద మనకున్న మోజు ఈనాటిది కాదు. క్రౌంచ జంటలో ఒకదాన్ని వేటగాడు కొడితేనే కదా ఆదికవి నోట శ్లోకం పుట్టింది. మన ప్రబంధాల నిండా రాత్రయితే విడిపోయి ఏడ్చే జక్కవలే. గుజరాత్‌లో కొన్నిచోట్ల కొత్త దంపతులకి సారస్ కొంగల జంటని చూపించే ఆచారం ఉంది. చూడ్డానికి అది ఎంత బాగుంటుందో నేను ఊహించుకోగలను. మనిషి ఎత్తున్న రెండు కొంగలు మెడలు పైకెత్తి, ఒకదాని కూతలో ఒకటి కూత కలిపి గెంతుతుంటే ఎవరికైనా ఆశ పుడుతుంది, మనమూ ఇలా ఉంటే బాగుండునని. ఆ ఆశని నేను తప్పు పట్టను. దాన్ని సాక్ష్యంగా తెచ్చి బోనులో నిలబెట్టినప్పుడే పేచీ.

ఎందుకంటే ఆ సాక్షి కూడా అడ్డం తిరిగింది. పక్షి జాతుల్లో దాదాపు 90 శాతం జంటగా కాపురం చేసేవే. చాలాకాలం పాటు శాస్త్రవేత్తలు కూడా, జంటగా ఉన్నాయి కాబట్టి పిల్లలూ వాళ్ళవే అనుకున్నారు. అమెరికాలో పంటల మీద పడే ఎర్రరెక్కల నల్లపిట్టల సంఖ్య తగ్గించవచ్చేమోనని కొందరు మగపిట్టలకి వేసెక్టమీ చేసి చూశారు. దాని ఫలితాలు 1975లో అచ్చయ్యాయి. ఆపరేషన్ అయిన మగపిట్టల ఇలాకాలో కాపురముంటున్న ఆడపిట్టలు హాయిగా పిల్లలయ్యే గుడ్లు పెట్టాయి! తర్వాత డీఎన్ఏ పరీక్ష వచ్చింది. 1987లో దాన్ని మొదట ప్రయోగించిన పక్షుల్లో మన ఊరపిచ్చుక ఒకటి. అక్కడి నుంచి ఒక్కో జాతి గుట్టూ బయటపడింది. ఆస్ట్రేలియాలో ఫెయిరీ రెన్ అనే నీలిరంగు చిన్నపిట్ట ఉంది. జంట విడిపోదు, ఇద్దరూ కలిసే పెంచుతారు. కానీ పిల్లల్లో సగానికి పైగా బయటి మగపిట్టలకి పుట్టినవే.

అలాగని పక్షులన్నీ దొంగలని కాదు. హార్న్‌బిల్ సంగతి వేరు. ఆడది చెట్టుతొర్రలోకి దూరి, ముక్కు పట్టేంత సందు వదిలి, ద్వారం మూసుకుంటుంది. వారాల తరబడి మగది తెచ్చిపెట్టే తిండి మీదే బతుకుతుంది. వాటిలో ఒక జాతికి పరీక్షలు చేస్తే పిల్లలందరూ ఆ తండ్రికే పుట్టారని తేలింది. నిష్ఠ కావాలంటే నిష్ఠ దొరుకుతుంది, దొంగతనం కావాలంటే అదీ దొరుకుతుంది. ఈ అంగట్లో లేని సరుకు లేదు.

చూపులకెళ్ళేది ఎవరు?

ఇంత సరుకులోనూ మళ్ళీ మళ్ళీ కనిపించేది ఒకటుంది. మగది ఆడుతుంది, పాడుతుంది, రంగులు వేసుకుంటుంది. ఆడది చూస్తుంది. నచ్చితే ఉంటుంది, లేకపోతే లేచిపోతుంది. (ఎగిరిపోతుంది అని నా ఉద్దేశం.)

డార్విన్ ఈ మాట 1871లో వివరంగా రాశాడు. అంతకు పదకొండేళ్ళ ముందు ఒక మిత్రుడికి రాసిన ఉత్తరంలో, నెమలి తోకలో ఈక కనబడితే చాలు తనకి ఒంట్లో బాగోకుండా పోతోందని వాపోయాడు. బతకడానికి అడ్డమయ్యే అంత తోక ఎందుకు పెరిగినట్టు? ఆడనెమలికి నచ్చింది కాబట్టి అన్నది చివరికి ఆయన ఇచ్చిన జవాబు. మగవాళ్ళ మధ్య పోరాటం అన్న సగాన్ని అందరూ ఒప్పుకున్నారు. ఆడదాని ఎంపిక అన్న రెండో సగం దగ్గరే పేచీ వచ్చింది. ఆయనతో సమానంగా పరిణామ సిద్ధాంతం చెప్పిన వాలెస్ కూడా దాన్ని ఒప్పుకోలేదు. దాదాపు వందేళ్ళ పాటు ఆ ఆలోచన మూల పడింది. పక్షికి అభిరుచేమిటి అన్న అనుమానం సరే. ఆడదానికి అభిరుచేమిటి అన్న అనుమానం కూడా అందులో కలిసి ఉందని నాకనిపిస్తుంది.

నెమలి తోకలో కళ్ళు ఎక్కువుంటే జతలు ఎక్కువ దొరుకుతాయని ఇంగ్లండ్‌లో మారియన్ పెట్రీ 1990ల మొదట్లో చూపించారు. జపాన్‌లో ఏడేళ్ళు చూసినవాళ్ళు 2008లో మాకలా కనిపించలేదన్నారు. ఆడనెమలి ఏం చూసి మెచ్చుకుంటుందో ఇంకా వాదన నడుస్తూనే ఉంది. మన దగ్గర ఆ గొడవే లేదు. 2017లో రాజస్థాన్ హైకోర్టు న్యాయమూర్తి ఒకరు పదవీ విరమణ రోజున, మగనెమలి జీవితాంతం బ్రహ్మచారి అనీ, దాని కన్నీళ్ళతోనే ఆడనెమలికి గర్భం వస్తుందనీ విలేకరులకి చెప్పారు. దేశమంతా నవ్వింది. నేను నవ్వుతూనే అనుకున్నాను, మా బాబాయ్ పావురానికీ దీనికీ తేడా కొద్దిగానే ఉందని. మనకి పవిత్రత కావాలి, పక్షిని పవిత్రం చేశాం. కోకిలనీ అంతే చేశాం. అమ్మాయి బాగా పాడితే కోకిల అంటాం. ఆ "కుహూ" మగది. ఆడది చుక్కల చుక్కలుగా ఉండి, కాకి గూట్లో గుడ్డు పెట్టి చక్కా పోతుంది.

ఇప్పుడు మన పెళ్ళిచూపులు గుర్తు తెచ్చుకోండి. ముస్తాబై కూర్చునేది ఎవరు? పాట పాడమంటే పాడేది, నడిచి చూపించమంటే నడిచేది ఎవరు? కాఫీ తాగి, "ఇంటికెళ్ళి కబురు చేస్తాం" అనేది ఎవరు? మగ నెమలి తోక ఖర్చు మగ నెమలిదే. మనింట పందిరి, బంగారం, పెట్టుపోతలు, 1961 నుంచీ చట్టం వద్దంటున్న కట్నం, అన్నీ ఆడపిల్ల తండ్రి తోకలోంచి పీకిన ఈకలే. ప్రకృతిని ఇంత చక్కగా తిరగేసి తొడుక్కున్నవాళ్ళం, విడాకుల దగ్గరికొచ్చేసరికి మాత్రం "ప్రకృతిని చూడమ్మా" అంటాం.

ఎంపిక ఆడదానిదే అయితే మోసం ఉండదనీ కాదు. కొన్ని జాతుల ఈగల్లో మగది పట్టుదారంతో బుడగ అల్లి కానుకగా తెస్తుంది. లోపల తినేదేదో ఉండాలి. కొన్ని జాతుల్లో ఆ బుడగ ఖాళీ. "అబ్బాయికి పాతిక లక్షల ప్యాకేజీ" అని విన్న ప్రతిసారీ నాకు ఆ బుడగే గుర్తొస్తుంది.

సీసాల్లో ఈగలు

పుంజు సామెతకి ఈమధ్య సూటూ బూటూ వచ్చాయి. యూట్యూబ్‌లో ఒకాయన తెల్లబోర్డు ముందు నిలబడి, "మగవాడు సహజంగానే ఒకరితో ఉండలేడు, సైన్స్ నిరూపించింది" అంటున్నాడు. మా ఆఫీసులో కుర్రాళ్ళు నాకు పంపారు. ఆ సైన్స్ వేరు తవ్వుకుంటూ వెళితే తరచుగా తేలేది 1948లో యాంగస్ బేట్‌మన్ చేసిన ప్రయోగం. మగ్గిన అరటిపళ్ళ మీద ముసిరే చిన్న ఈగల్ని సీసాల్లో పెట్టి, ఎవరికి ఎందరు పిల్లలో లెక్కేశాడు. మగవాటికి జతలు పెరిగేకొద్దీ పిల్లలు పెరిగారు, ఆడవాటికి అంతగా పెరగలేదు అన్నది ఆయన తేల్చింది. దశాబ్దాల పాటు అది పాఠం అయింది. 2012లో పట్రిషియా గోవాటీ బృందం అదే ప్రయోగం మళ్ళీ చేసింది. తల్లిదండ్రుల్ని గుర్తుపట్టడానికి ఆయన వాడినవి, ఒంటి మీద కనిపించే తేడాలు తెచ్చే మార్పు జన్యువులు. అవి తల్లి నుంచీ తండ్రి నుంచీ కూడా వచ్చిన పిల్లలు బతకడమే కష్టం. అలా ఎందరో పిల్లలు లెక్కలోకే రాలేదు, కాబట్టి ఆ లెక్కనే నమ్మలేమని తేల్చారు.

దీంతో మగ ఆడ తేడాలే లేవని అనను. జంతుప్రపంచంలో చాలాచోట్ల ఆ ధోరణి ఉన్నట్టే కనిపిస్తుంది. అడ్డంగా నిలబడే ఉదాహరణలూ మన తామర కుంటల్లోనే ఉన్నాయి. ఆకుల మీద పొడుగు వేళ్ళతో నడిచే జకానా పిట్టల్లో ఆడది గుడ్లు పెట్టి ఇంకో మగాడిని వెతుక్కుంటూ పోతుంది, పొదిగేదీ పెంచేదీ మగదే. నా గొడవ అది కాదు. కోరిక ఎక్కడి నుంచి వచ్చిందో చెప్పడానికి పరిణామశాస్త్రం పనికొస్తుంది. ఆకలి ఎందుకేస్తుందో తెలిసినంత మాత్రాన పక్కవాడి కంచంలో చెయ్యి పెట్టడానికి హక్కు రాదు కదా.

మరి నేను చేస్తున్నదేమిటి?

ఇక్కడిదాకా రాసి, రెండు రోజులు పక్కన పెట్టి, మళ్ళీ చదివితే నాకే సిగ్గేసింది. బాబాయ్ చేసిందే నేనూ చేశాను. ఆయన పావురాన్ని తెస్తే నేను వీర్యం విసిరేసే పెట్టని తెచ్చాను. ఇంకా నా సంచిలో సముద్రపు పక్షి కిట్టివేక్ కూడా సిద్ధంగా ఉంది. ఇంగ్లండ్ తీరంలో జాన్ కోల్సన్ 1950ల నుంచి వాటిని గమనించి, గుడ్లు పొదగడంలో విఫలమైన జంటలు మరుసటి ఏడు విడిపోవడం ఎక్కువని చెప్పాడు. పక్షుల శాస్త్రంలో ఆ విడిపోవడానికి వాడే మాట కూడా విడాకులే. ఇది చదివి "ఇదిగో, మా మేనకోడలు చేసింది ప్రకృతి సహజమే" అని చంకలు గుద్దుకోబోయాను.

అప్పుడు కొండముచ్చులు అడ్డొచ్చాయి. 1960ల మొదట్లో ధార్వాడ్ దగ్గర సుగియామా అనే జపాన్ శాస్త్రవేత్త, ఆ తర్వాత 1970ల్లో మౌంట్ అబూలో సారా హ్రడీ చూశారు. గుంపుని గెలుచుకున్న కొత్త మగకోతి, పాత మగకోతి పిల్లల్ని చంపుతుంది. పిల్ల పోయిన తల్లి త్వరగా మళ్ళీ ఎదకొస్తుంది. తల్లులు దానికి విరుగుడుగానే ఎక్కువమంది మగకోతులతో కలిసి, తండ్రి ఎవరో తేలకుండా చేస్తాయని హ్రడీ అంచనా. ఇదీ ప్రకృతే, మన దేశంలోదే, పావురం కంటే మనకి చాలా దగ్గరి చుట్టమే. ఏ పంచాయితీలోనైనా కొండముచ్చుని చూపించి నేర్చుకోమనగలమా?

మంచి పనికి కూడా ఈ అలవాటు అక్కర్లేదనే నేను అనుకుంటున్నాను. స్వలింగ సంబంధాల్ని నేరం చేసిన పాత ఐపీసీ 377వ సెక్షన్‌లో ఉండింది "ప్రకృతి క్రమానికి విరుద్ధం" అన్న మాటే. ఆ చట్టాన్ని వ్యతిరేకించిన మిత్రులు ఒకప్పుడు నాకు న్యూయార్క్ సెంట్రల్ పార్క్ జూలో జంట కట్టిన రెండు మగ పెంగ్విన్‌ల కథ చెప్పేవాళ్ళు. నాకూ నచ్చేది. తర్వాత ఆ జంట విడిపోయి, ఒకటి ఆడ పెంగ్విన్‌తో జత కట్టింది. అప్పుడు అవతలి పక్షం పండగ చేసుకుంది. 2018 సెప్టెంబరు 6న సుప్రీంకోర్టు వయోజనుల ఇష్టపూర్వక సంబంధాన్ని నేరం జాబితాలోంచి తీసేసింది, మనుషుల గౌరవం, సమానత్వం ఆధారంగా. మనుషుల హక్కు ఒక పెంగ్విన్ మనసు మార్చుకోవడం మీద ఆధారపడి ఉంటే ఎంత ప్రమాదం!

మా మేనకోడలికి పక్షి సాక్ష్యం అవసరం లేదు, అనుకూలంగానైనా సరే. ఆమె దగ్గర ఏటీఎం కార్డు సంగతుంది, ఏడాదిన్నర మౌనం ఉంది. ఆ మౌనం ఎందుకని అడిగితే జవాబు చెప్పగల మనిషి ఒకడున్నాడు, రాలేదు. పావురాన్ని ఎవరూ అలా అడగలేరు. బాబాయ్‌కి అది సులువుగా ఉండడం అందుకే.

ఆ రోజు బాబాయ్ ఉపన్యాసం అయ్యాక మా మేనకోడలు ఏమీ అనలేదు. అప్పటిదాకా ఎవరూ ముట్టని పళ్ళెంలోంచి ఒక జంతిక తీసుకుని కటుక్కున కొరికింది. గదిలో ఆ ఒక్క చప్పుడే. కేసు ఇప్పుడు ఫ్యామిలీ కోర్టులో ఉంది. కార్డు మాత్రం తిరిగి రాలేదు. బ్యాంకుకెళ్ళి పాతది బ్లాక్ చేయించి కొత్తది తీసుకుంది.

శ్రావణంలో ఊరెళ్ళాను. బాబాయ్, నేను సాయంత్రం చేలవైపు నడుస్తుంటే, పాత బావి మీదికి వంగిన ఈతచెట్టుకి గిజిగాడి గూళ్ళు వేలాడుతున్నాయి. పసుపు తల మగపిట్టలు రెక్కలాడిస్తూ ఒకటే గోల. బాబాయ్ ఆగాడు.

"చూశావురా, మగపిట్ట పెళ్ళాం కోసం ఎంత కష్టపడుతుందో!"

పక్షిశాస్త్రవేత్త సలీం అలీ ఉద్యోగం లేని రోజుల్లో, 1930లో, బొంబాయి దగ్గర కిహీంలో ఈ పిట్టల్నే నెలల తరబడి చూశాడు. మగది సగం గూడు, అంటే బోర్లించిన టోపీలా ఉండేదాకా అల్లి, ఆడవాటిని పిలుస్తుంది. అవి వచ్చి, లోపలికి దూరి, చూసుకుంటాయి. ఒకటి ఒప్పుకుంటే మగది గూడు పూర్తి చేస్తుంది. ఆడది గుడ్లు పెట్టగానే మగది పక్క కొమ్మకి ఇంకో గూడు మొదలుపెడుతుంది, ఇంకో ఆడదాని కోసం. ఇదంతా బాబాయ్‌కి చెబుదామని నోరు తెరిచి, మళ్ళీ మూసుకున్నాను. చెబితే ఆయనకి పుంజుకి తోడు ఇంకో పిట్ట దొరుకుతుంది.

"ఆ చివరిది చూడు బాబాయ్, సగంలో ఆగిపోయింది. ఏ ఆడపిట్టకీ నచ్చినట్టు లేదు" అన్నాను అంతవరకే.

"ఏం? బానే ఉందిగా. ఏం లోపం దానికి?"

"ఏమో."

బాబాయ్ కాసేపు తల పైకెత్తి చూశాడు. "కోసివ్వనా? మీ హైదరాబాద్ ఇంట్లో హాల్లో తగిలించుకుంటే షోగా ఉంటుంది" అన్నాడు.

వద్దన్నాను, ఇంకా సీజన్ ఉంది కదా అని.